బాణీకి మాట, పెదవికి అక్షరం: రాజశ్రీ అనువాద చిత్రగీతాలు – ఒక ఛందోవివేచన

ఉపోద్ఘాతం

తెలుగు సినిమా పాటను సాహిత్యంగా పరిగణించి పరిశీలించడం నేడు కొత్త విషయం కాదు. సముద్రాల, మల్లాది రామకృష్ణశాస్త్రి, దేవులపల్లి కృష్ణశాస్త్రి, ఆత్రేయ, వేటూరి మొదలైనవారి గీతాలపై విమర్శ విస్తృతంగానే వచ్చింది. అయితే ఈ ఆదరణ నేరుగా తెలుగులో నిర్మించిన చిత్రాల పాటలకే పరిమితమైంది. ఇతర భాషల నుండి తెలుగులోకి అనువదించిన చిత్రాల గీతాలు, అంటే లోకవ్యవహారంలోని డబ్బింగ్ పాటలు, శ్రోతల నోళ్ళలో ఎంతగా నానినా విమర్శ ముంగిట నిలబడలేదు. ఇందుకు చెప్పే కారణాలు రెండు. ఇవి అనువాదాలే కాబట్టి కవి సొంత సృష్టి కావన్నది మొదటిది. పెదవి కదలికలకు అతికించిన మాటలే కాబట్టి సరైన అనువాదాలు కూడా కావన్నది రెండవది. ఈ రెండు ఆక్షేపణలూ పరస్పర విరుద్ధాలు. మూలార్థాన్ని అనుసరించడం దోషమైతే, మూలార్థం నుండి తొలగడం దోషం కాకూడదు. ఈ వైరుధ్యాన్ని గమనించకపోవడం వల్ల ఒక ప్రత్యేకమైన పద్యవిద్య అధ్యయనానికి దూరమైంది.

విజయనగరంలో జన్మించిన రాజశ్రీ (ఇందుకూరి రామకృష్ణంరాజు, 1934–1994) ఈ విద్యలో ప్రధానంగా పేర్కొనదగినవారు. 1988 నుండి 1994 వరకు వచ్చిన తమిళ అనువాద చిత్రాలకు ఆయన రచించిన పాటల పల్లవులలోని తొలి పదబంధాలను గణ, మాత్రా దృష్టితో పరిశీలించడం ఈ వ్యాసోద్దేశం. మూలగీతపు నాదాన్ని నిలిపి ఉంచి, దాని కింది వ్యాకరణాన్ని తెలుగు చేయడమే రాజశ్రీ మార్గమని ఇక్కడి ప్రతిపాదన.

రచన, సంగీతం కలిసిన జీవితం

రాజశ్రీ కేవలం గీతరచయిత కారు. విజయనగరంలో ఉద్యోగం చేస్తూ నాటకాలు రాసి ప్రదర్శించిన రోజుల నుండి ఆయనది బహుముఖ వ్యవసాయం. చలనచిత్రరంగంలో కథ, మాటలు, పాటలు రాశారు. దర్శకత్వం వహించారు. సంగీత దర్శకత్వమూ చేశారు. ఒకే వ్యక్తి మాట రాయడం, బాణీ కట్టడం తెలుగు చిత్రరంగంలో అరుదు. బాలాంత్రపు రజనీకాంతరావు వంటి కొందరిలోనే ఆ కలయిక కనిపిస్తుంది. రాజశ్రీ సంగీత దర్శకుడిగా చేసిన పని పరిమాణంలో స్వల్పం. గీతరచయితగా చేసినది విస్తారం. కానీ ఆ స్వల్పభాగాన్ని విడిచిపెట్టి విస్తారమైన భాగాన్ని అర్థం చేసుకోవడం కష్టం. బాణీ కట్టే అలవాటున్నవాడికి మాట మొదట కాలపరిమాణంగా వినబడుతుంది. అర్థం ఆ పరిమాణంలోకి తరువాత వచ్చి కూర్చుంటుంది. అనువాద గీతానికి కావలసిన వినికిడి సరిగ్గా ఇదే.

నేరు చిత్రాలకు రాజశ్రీ రాసిన పాటల్లో 1972 నాటి 'బుల్లెమ్మ బుల్లోడు' చిత్రంలోని వాన పాట ప్రసిద్ధం. దానికి సంగీతం సమకూర్చిన చెళ్ళపిళ్ళ సత్యం పార్వతీపురం ప్రాంతంలోని గుణానుపురానికి చెందినవారు. పాడిన ఇద్దరిలో ఒకరైన పి. సుశీల విజయనగరంలో పుట్టి, అక్కడి సంగీత కళాశాలలో శిక్షణ పొందినవారు. మాట, బాణీ, గొంతు మూడూ ఒకే ప్రాంతం నుండి మద్రాసుకు చేరి ఒక పాటలో కలిశాయి. దీనిని యాదృచ్ఛికమని తోసిపుచ్చడానికి వీలులేని నేపథ్యం ఆ ప్రాంతానికి ఉంది.

విజయనగరంలో 1919లో ఏర్పడిన విజయరామ గానపాఠశాలకు తొలి అధ్యక్షులు ఆదిభట్ల నారాయణదాసు (1864–1945). హరికథకు సాహిత్యం, సంగీతం, అభినయం మూడింటినీ తానే సమకూర్చుకున్న ఆ మహనీయుడు ఉమర్ ఖయ్యాం రుబాయీలను సంస్కృతంలోకీ, అచ్చతెలుగులోకీ అనువదించారు. రచన, గానం, అనువాదం ఒకే వ్యక్తిలో కలవడం ఆ ఊరికి అపరిచితం కాదన్నమాట. ద్వారం వెంకటస్వామినాయుడు అక్కడ బోధించారు. ఘంటసాల అక్కడ చదువుకున్నారు. సాలూరు ప్రాంతం నుండి సాలూరి రాజేశ్వరరావు వచ్చారు. రాజశ్రీ వీరిలో ఎవరికైనా శిష్యులని చెప్పడం ఈ వ్యాసం ఉద్దేశం కాదు. పాటను మాటగానూ స్వరంగానూ విడదీయకుండా వినే వాతావరణం ఆ నేలపై ఉన్నదని గుర్తించడమే ప్రస్తుతాంశం.

అనువాద చిత్రరచనలోనూ ఉత్తరాంధ్రకు ఆది నుండి భాగముంది. తెలుగులోకి వచ్చిన తొలి అనువాద చిత్రంగా చెప్పే 'ఆహుతి'కి (1950) మాటలు, పాటలు రాసినది విశాఖపట్నంలో జన్మించిన శ్రీశ్రీ. మహాకవిగా శ్రీశ్రీపై వచ్చిన విమర్శ ఒక గ్రంథాలయమంత ఉన్నా, అందులో అనువాద చిత్రరచనకు దక్కిన భాగం అత్యల్పం. ఈ విద్యపై ఉపేక్ష రాజశ్రీతో మొదలైనది కాదని దీనివల్ల తెలుస్తుంది.

మూడు నిర్బంధాలు

చిత్రగీత రచనలో సాధారణంగా రెండు పద్ధతులు. రాసిన పాటకు బాణీ కట్టడం ఒకటి, కట్టిన బాణీకి పాట రాయడం రెండవది. అనువాద గీతం మూడవ పద్ధతి. ఇక్కడ బాణీ ముందే ఉంటుంది, మరొక భాషలో పాట ముందే ఉంటుంది, ఆ పాటకు పెదవులు కదిపిన నటుల చిత్రీకరణా ముందే పూర్తయి ఉంటుంది. కవికి మూడు నిర్బంధాలు ఏర్పడతాయి. మొదటిది మాత్రానిర్బంధం: స్వరం ఎంతసేపు నిలిస్తే అక్షరం అంతసేపు నిలవాలి. రెండవది ఓష్ఠ్యనిర్బంధం: దగ్గరి దృశ్యంలో పెదవులు కలిసినచోట పవర్గాక్షరం పడాలి, నోరు తెరిచినచోట అకార ఆకారాలు పడాలి. మూడవది సందర్భనిర్బంధం: తెరపై చూపిన వస్తువును, చేష్టను పాట కాదనకూడదు.

ఇటువంటి నిర్బంధాలు తెలుగు సాహిత్యానికి కొత్తవి కావు. పెదవులు కలవని అక్షరాలతోనే మరింగంటి సింగరాచార్యులు 'దశరథరాజనందన చరిత్ర' రచిస్తే సాహిత్యచరిత్ర దానిని నిరోష్ఠ్యకావ్యంగా నమోదు చేసింది. సమస్యాపూరణంలో చివరి పాదం పృచ్ఛకునిది. దత్తపదిలో నాలుగు పదాలూ ఇతరులు ఇచ్చినవే. పూరించినవాడికి ఆ కారణంగా కవిత్వగౌరవం తగ్గలేదు, పెరిగింది. నిరోష్ఠ్యకవి పెదవులు కలవకుండా చూసుకుంటే, అనువాద గీతకవి పెదవులు కలిసే క్షణాన్ని కనిపెట్టి అక్కడ అక్షరాన్ని నిలపాలి. కష్టం ఒకే జాతికి చెందినదైనప్పుడు ఒకదానికి చిత్రకవిత్వమని పేరు పెట్టి, మరొకదానిని అతుకుల పని అనడానికి శాస్త్రాధారం లేదు.

తమిళం నుండి తెలుగుకు వచ్చేటప్పుడు వీటికి తోడు భాషాస్వభావం వల్ల ఏర్పడే చిక్కు ఒకటుంది. తమిళంలో హల్లుతో ముగిసే పదాలు విస్తారం. తెలుగు అజంత భాష. హల్లుతో మూసుకునే తమిళ పదాంతాక్షరం గురువైనప్పుడు, దాని స్థానంలో నిలిచే తెలుగు పదం చివర అచ్చు వచ్చి చేరుతుంది. అక్షరాల సంఖ్య పెరుగుతుంది. కాలం మాత్రం పెరగడానికి వీలులేదు. రాజశ్రీ పనితనం ఈ ఇరుకులోనే స్పష్టంగా కనిపిస్తుంది.

గురువును రెండు లఘువులుగా విడదీయడం

మణిరత్నం దర్శకత్వంలో 1992లో వచ్చిన 'రోజా' చిత్రానికి తమిళంలో వైరముత్తు పాటలు రాశారు. ఏ.ఆర్. రహమాన్‌కు సంగీత దర్శకుడిగా అది తొలి చిత్రం. తెలుగు పాటలు రాజశ్రీవి. తమిళంలో 'కాదల్ రోజావే' అన్న పాట తెలుగులో 'నా చెలి రోజావే' అయింది. తమిళ పదబంధంలో అయిదూ గురువులే: కా, దల్, రో, జా, వే. మొత్తం పది మాత్రలు. తెలుగులో నా అన్నది గురువు, చె, లి అన్నవి లఘువులు, రో, జా, వే అన్నవి గురువులు. ఇవీ పది మాత్రలే. 'దల్' అన్న మూసిన గురువు 'చెలి' అన్న రెండు లఘువులుగా విడిపోయింది. లకారం మాత్రం తన చోటు విడవలేదు. అజంతభాష అడిగిన అదనపు అచ్చును, స్వరకాలాన్ని మించకుండా సర్దిన తీరు ఇది.

ఇంతకంటె గమనించవలసిన అంశం చివరి అక్షరంలో ఉంది. తమిళంలో 'రోజావే' సంబోధన. రోజా అన్న పదానికి ఏకారం చేరగా నడుమ వకారం ఆగమంగా వచ్చింది. తెలుగులో అదే ధ్వని వేరొక వ్యాకరణ నిర్మాణం. 'నీవు చెలివి', 'నీవు చెలివే' అన్నప్పటి మధ్యమపురుష ప్రత్యయం ఇక్కడి వకారం, దానిపై అవధారణార్థకమైన ఏకారం. తమిళ ప్రియుడు గులాబీని పిలుస్తున్నాడు. తెలుగు ప్రియుడు 'నీవే గులాబీవి' అని నిర్ధారిస్తున్నాడు. అక్షరం మారలేదు, పెదవి మారలేదు, స్వరం మారలేదు. వాక్యం మాత్రం తెలుగు వాక్యమైంది. రోజా కథానాయిక పేరు కూడా కావడంతో ఈ నిర్ధారణకు కథలో అదనపు బలం చేకూరింది. దీనిని అనువాదమనడం కంటె ఒక ధ్వనిశిల్పానికి మరొక భాషలో అన్వయం కుదర్చడమనడం సమంజసం.

1993 నాటి 'దొంగ దొంగ'లో ఈ పద్ధతి మరింత వేగంగా సాగింది. తమిళ పల్లవి మొదట్లోని 'కణ్ణుం కణ్ణుం' నాలుగు గురువులు, ఎనిమిది మాత్రలు. తెలుగులో 'కనులు కనులను' ఏడు లఘువులు. మిగిలిన ఒక్క మాత్రను గాయకుడి విరామమో, సాగదీతో పూరించుకుంటుంది. బరువైన నాలుగు అడుగుల చోట ఏడు తేలిక అడుగులు పడటంతో నడక మారింది గానీ తాళం తప్పలేదు. కకార నకారాల ఆవృత్తి రెండు భాషల్లోనూ నిలిచింది. ఈ పదబంధం ప్రజల చెవిలో ఎంతగా స్థిరపడిందంటే, ఆ తమిళ పల్లవినే పేరుగా పెట్టుకుని 2020లో వచ్చిన చిత్రం తెలుగులోకి వచ్చినప్పుడు రాజశ్రీ పదబంధమే దానికి పేరైంది. కొత్త అనువాదం అవసరం లేకపోయింది.

ఒక అచ్చు మార్పు

'రోజా'లోని 'చిన్ని చిన్ని ఆశ' పైకి అతి సులభమైన అనువాదం. తమిళ మూలం 'చిన్న చిన్న ఆసై'. పదానికి పదం సరిపోతుంది. తమిళ ఛందశ్శాస్త్రంలో పదాంతంలోని ఐకారం కుదించుకుని ఒక్క మాత్ర పలుకుతుంది. దీనిని ఐకారక్కుఱుక్కం అంటారు. అందువల్ల 'ఆసై' గురులఘువులు. తెలుగులో 'ఆశ' కూడా గురులఘువులే. మొత్తం పదబంధం మూడు గలములు, అంటే మూడు సూర్యగణాలు. దేశిఛందస్సుల చెవికి ఇది బాగా అలవాటైన నడక.

ఇక్కడ రాజశ్రీ చేసిన ఒకే ఒక మార్పు 'చిన్న'ను 'చిన్ని' చేయడం. 'చిన్న' తెలుగు పదమే. మాత్రలూ అవే. అయినా ఎందుకు మార్చినట్లు? సంధి దృష్టితో చూస్తే సమాధానం దొరుకుతుంది. 'చిన్న ఆశ' అన్నప్పుడు రెండు అకారాలు ఎదురై ఒకటిగా కలిసిపోవడానికి తొందరపడతాయి. వేగంగా పాడితే 'చిన్నాశ' అని ఒక మాత్ర తరిగిపోతుంది. 'చిన్ని ఆశ' అన్నప్పుడు ఇకార ఆకారాల నడుమ యకారచ్ఛాయ వచ్చి రెండు అచ్చులనూ విడివిడిగా నిలుపుతుంది. గాయకురాలికి పట్టు దొరుకుతుంది. అర్థంలోనూ లాభముంది. 'చిన్న' పరిమాణాన్ని చెబుతుంది. 'చిన్ని' పరిమాణంతో పాటు ముద్దును చెబుతుంది. పల్లెపడుచు కోరికలను లెక్కపెట్టుకునే సన్నివేశానికి ఈ ముద్దు అవసరం. ఒక్క అచ్చు మార్పుతో సంధినీ, గానాన్నీ, భావాన్నీ ఒకేసారి సరిచేయడం బాణీ తెలిసినవాడి నిర్ణయం.

ఈ గీతపు తమిళ మూలానికి వైరముత్తు జాతీయ పురస్కారం అందుకున్నారు. రహమాన్‌కు సంగీతానికి జాతీయ పురస్కారం లభించింది. ఆ రెండు గౌరవాలకూ అర్హత ప్రశ్నాతీతం. కానీ అదే స్వరం మీద, అదే దృశ్యం మీద నిలిచి ఒక తరం తెలుగు పిల్లలకు కంఠస్థమైన పాటకు తెలుగు విమర్శలో ఒక పేరా కూడా దక్కకపోవడం ఆలోచించవలసిన విషయం.

తెలుగు నుండి తెలుగుకు

1988లో వచ్చిన 'ఘర్షణ'కు మూలం తమిళ 'అగ్ని నక్షత్రం'. సంగీతం ఇళయరాజా, తమిళ గీతాలు వాలి. ఇందులోని 'నిన్నుకోరి వర్ణం' అన్న పాట అనువాదశాస్త్రానికే ఆసక్తికరమైన ఉదాహరణ. ఈ పదబంధం తమిళ మూలంలోనే తెలుగు. రామనాథపురం (పూచి) శ్రీనివాసయ్యంగార్ మోహనరాగంలో కూర్చిన తెలుగు వర్ణం సంగీతవిద్యార్థులందరికీ తొలి పాఠాలలో ఒకటి. తమిళ చిత్రగీతం ఆ వర్ణాన్ని స్మరించి మోహనంలోనే మొదలవుతుంది. తమిళ శ్రోతకు 'నిన్నుకోరి' ప్రధానంగా ఒక ఉద్ధరణ. సంగీతపు గదిని గుర్తుచేసే మాట.

తెలుగులో ఆ మాటను మార్చవలసిన పనిలేదు. మార్చలేదు కూడా. కానీ మార్చకుండానే అది మారిపోయింది. తెలుగు శ్రోతకు 'నిన్నుకోరి' ఉద్ధరణకు ముందు ఒక క్రియ. నాయిక నాయకునితో నేరుగా అంటున్న మాట. వర్ణం అన్న పదం సంగీతరూపాన్ని చెబుతూనే రంగునూ, అక్షరాన్నీ స్ఫురింపజేస్తుంది. తమిళనాట సంగీతభాషగా నిలిచిన తెలుగు, ఈ పాటలో తిరిగి మాట్లాడే భాషగా తన ఇంటికి వచ్చింది. ఎక్కడ ఏమీ చేయకూడదో తెలియడం కూడా అనువాదకుని విద్యలో భాగమే. తక్కిన చరణాలను కొత్తగా తెలుగు చేయవలసిన కవి, ఈ మొదటి మాట దగ్గర ఆగిన తీరు సంగీతసంప్రదాయం తెలిసినవాడి సంయమనం.

1991 నాటి 'దళపతి'లోని రాధాకృష్ణ గీతంలో దీనికి భిన్నమైన మార్గం కనిపిస్తుంది. తమిళంలో 'యమునై ఆట్రిలే', తెలుగులో 'యమునా తటిలో'. ఐకారం కుదింపును లెక్కలోకి తీసుకుంటే తమిళంలో మూడు, అయిదుగా ఎనిమిది మాత్రలు. తెలుగులో నాలుగు, నాలుగుగా ఎనిమిది మాత్రలు, రెండు సగణాలు. మొత్తం ఒకటే, విరుపు వేరు. అర్థంలోనూ ఒక అడుగు జరిగింది. తమిళం నది అంటే, తెలుగు తీరం అంది. వాడుకమాటైన 'ఆఱు' స్థానంలో సంస్కృతపదమైన 'తటి' వచ్చింది. మాధవుని కోసం నిరీక్షించే రాధను తెలుగు కవి ఒడ్డున నిలబెట్టి, పదకర్తల, జయదేవుని పరిభాషకు చేరువ చేశాడు. 'కాదల్ రోజావే'లో ధ్వనికి విధేయుడైన కవి ఇక్కడ సంప్రదాయానికి విధేయుడైనాడు. సందర్భాన్ని బట్టి విధేయత మారడం కవి స్వాతంత్ర్యానికి నిదర్శనం.

పరిమితులు

రాజశ్రీ మార్గానికి నష్టాలు లేకపోలేదు. 'దళపతి'లోనే తమిళ 'రాక్కమ్మ కైయ తట్టు' తెలుగులో 'చిలకమ్మ చిటికెయ్యంగ' అయింది. 'కమ్మ' అన్న ధ్వని, అందులో పెదవులు కలిసే మకారం యథాస్థానంలో ఉన్నాయి. చేతిచేష్ట చప్పట్ల నుండి చిటికెకు మారినా చేతిని దాటలేదు. శిల్పపరంగా ఇది నిర్దోషం. కానీ రాక్కమ్మ తమిళ పల్లెలో వినిపించే స్త్రీ పేరు. ఆ పేరు పలకగానే ఒక సమాజం కళ్ళముందు నిలుస్తుంది. చిలకమ్మ ఏ ఊరి మనిషీ కాదు. తమిళ నేల పోయింది, దాని చోట తెలుగు నేల రాలేదు.

ఇది ఒక పాటకు పరిమితమైన లోపం కాదు. పైన పరిశీలించిన పల్లవులలో ఎక్కడా కళింగాంధ్ర పలుకుబడి జాడ లేదు. గురజాడ 'కన్యాశుల్కం'లో విజయనగరపు నోటిమాటను సాహిత్యానికెక్కించిన ఊరి నుండి వచ్చిన రచయిత, అనువాద గీతంలో ఏ ప్రాంతానికీ చెందని తెలుగును వాడవలసి వచ్చింది. తెరపై కనిపించే ఊరు తమిళదేశంలోనిది, వినిపించే భాష తెలుగు. ఆ రెంటికీ పొత్తు కుదరాలంటే భాష ప్రాంతముద్రను వదులుకోవాలి. అనువాద చిత్రం ఈ మూల్యాన్ని ప్రతి రచయిత నుండీ వసూలు చేస్తుంది. రాజశ్రీ నాదం విషయంలో ఎంత ధనవంతులో, నుడికారం విషయంలో అంత పొదుపరి కావడానికి కారణం ప్రతిభాలోపం కాదు, ప్రక్రియాధర్మం. ఈ భేదాన్ని పాటించకుండా చేసే ప్రశంసా, నిందా రెండూ తూకం తప్పుతాయి.

ముగింపు

రాజశ్రీ 1994 ఆగస్టులో, అరవై ఏళ్ళు నిండకముందే కన్నుమూశారు. ఆయన పాటలు రాసిన 'ప్రేమికుడు' ఆ తరువాతనే ప్రేక్షకుల ముందుకు వచ్చింది. మణిరత్నం తదుపరి చిత్రం 'బొంబాయి'కి వేటూరి పాటలు రాశారు. నేరు చిత్రాల అగ్రకవి అనువాద గీతానికి రావడంతో ఆ ప్రక్రియకు గౌరవం పెరిగిందని భావించడం కద్దు. వాస్తవానికి అప్పటికే ఆ ప్రక్రియకు ఒక ఛందోమార్గం సిద్ధమై ఉన్నది. మూసిన గురువును రెండు లఘువులుగా విడదీయడం, పరభాషా ప్రత్యయాన్ని తెలుగు ప్రత్యయంగా అన్వయించడం, సంధి వల్ల స్వరానికి కలిగే నష్టాన్ని అచ్చు మార్పుతో నివారించడం, ఉన్న మాటను ఉన్నట్లే విడిచి అర్థాన్ని మార్చడం ఆ మార్గంలోని ప్రధాన సూత్రాలు. వీటిని సూత్రాలుగా ఎవరూ రాయలేదు. పాటల్లోనే అవి ఉన్నాయి.

తెలుగు ఛందస్సు చరిత్రను మాత్రాఛందస్సుల నుండి గేయానికీ, గేయం నుండి చిత్రగీతానికీ తీసుకువస్తున్న అధ్యయనాలు అనువాద గీతం దగ్గర ఆగిపోవడానికి ఇక హేతువు కనిపించదు. రెండు ద్రావిడ భాషలు ఒకే స్వరం మీద అక్షరానికి అక్షరంగా ఎదురెదురు నిలిచే సందర్భం ఛందశ్శాస్త్ర విద్యార్థికి ఇంతకంటె స్పష్టంగా మరెక్కడా దొరకదు. మూలగీతాన్నీ తెలుగు గీతాన్నీ పక్కపక్కన ఉంచి లఘుగురువులు గుర్తించే పని ఏ తరగతి గదిలోనైనా చేయదగినది. ఆ పని జరిగితే రాజశ్రీ పేరు పాటల జాబితాలోని ఒక గడి నుండి తెలుగు పద్యవిద్యా చరిత్రలోకి వస్తుంది. ఆ స్థానం ఆయన సంపాదించుకున్నదే.